పుర్రచెయ్యి

ముఖం చూపెట్టబోమని మాటిచ్చాం.
మాట నిలబెట్టుకున్నాం కూడా.
ఇందుకూరుపేట దాటాక ఒక వసారాలో
దీపం వెలుగు ఒళ్ళో మాత్రమే పడేట్టు వంచి,
ముందర కూరకని కొన్న అరకిలో రొయ్యలు పెట్టి,
గొంతు కొంచెం బొంగురు చేసి,
పేరు తీసేసి, ఊరు తీసేసి.
గోడ మీది పెళ్ళి ఫోటోకి తువ్వాల కప్పాడు కాలేషా.
కనిపించినవి చేతులే.

చేతులే కదా అనుకున్నాం.
ఐసునీళ్ళలో పదేసి గంటలు నానిన వేళ్ళు
ఎవరివైనా ఒకటేలా ఉంటాయి,
తెల్లగా, ఉబ్బి,
గోళ్ళ పక్కన రొయ్యముల్లు దిగిన నల్ల చుక్కలతో.
రేషన్ మిషనుకే చిక్కని వేలిముద్రలు
షెడ్డు ఓనరుకేం చిక్కుతాయి?

ఆమె చెప్పింది:
కిలోకి ఇంత, తూకంలో ఇంత కోత,
బాత్రూముకు పోతే టోకెను,
రెండో టోకెనుకు ఒక తిట్టు.
చెప్తూనే ఒలుస్తోంది.
తల విరుపు, వీపున గీత, నరం లాగుడు,
మాటకీ మాటకీ మధ్య ఒక రొయ్య.
నేనే జరిగాను దగ్గరికి.
ఎంత బాగుందీ ఫ్రేము, అని పైకే అన్నాను.
ఆ మాట ఇప్పటికీ గొంతులో ముల్లు.

మాది మూలాపేటలో టైలరు కొట్టు మీది గది.
ప్రకటనలు తీసుకోం.
ఆటోస్టాండు చందా, ఇద్దరు టీచర్ల చందా,
రిటైరైన పోస్టుమాస్టరు ఒకాయన
ప్రతి ఒకటో తారీఖునా మెట్లెక్కి వచ్చి,
రొప్పు తగ్గాక తీసిచ్చే రెండొందలు.
ఉన్న ఒక్క ఫ్యానూ కంప్యూటరు వైపే తిరిగి ఉంటుంది.
ఏడు నిమిషాల వీడియోని
తొమ్మిది రోజులు కోసి అతికాం.

మంగళవారం సాయంత్రం పెట్టాం.
బుధవారం పొద్దున గేటు దగ్గర
సూపర్‌వైజరు ఫోను పట్టుకుని నిలబడ్డాడట,
లోపలికి పోయే ఒక్కొక్కరినీ ఆపి
"ఏదీ, ఒకటి ఒలిచి చూపియ్."
నూట పన్నెండు మందిలో
కత్తి ఎడంచేత పట్టేది ఒక్కతే.

మస్తానమ్మ. ఇప్పుడు పేరు చెప్పొచ్చు,
చెప్పమంది.

ఎడిటింగులో ఒక మీట ఉంది.
నొక్కితే ఎడమ కుడి అయిపోతుంది,
అద్దంలోలాగా.
అర సెకను పని.
ఆ రాత్రి కాలేషా వీడియో తెరిచి
ఊరికే నొక్కాడు, మళ్ళీ నొక్కాడు,
చెయ్యి అటు పోయింది, ఇటు వచ్చింది.
కింద కుట్టుమిషను ఆగిపోయి చాలాసేపైంది.

వెళ్ళి చెప్పాను ఆమెకి,
తప్పు మాదే, తిప్పేసి ఉంటే సరిపోయేదని.
చేపల బుట్ట కడుగుతోంది.
"తిప్పేదేంది?" అంది.
"అయివోరు బెత్తంతో కొట్టాడు, మార్లా.
ఎడంచేత్తో వడ్డిస్తావా అని
మా అత్త కంచం ఇసిరేసింది, మార్లా.
ఇప్పుడు నువ్వొచ్చి మారిస్తే
అదింక ఎవురి చెయ్యబ్బయ్యా?"

నా దగ్గరున్న జవాబు
మైపాడు రోడ్డు గుంతల్లో ఎక్కడో రాలిపోయింది.

పన్నెండు మంది ఆడవాళ్ళు
(నూట పన్నెండులో పన్నెండు, ఎక్కువ చేసి చెప్పను)
గురువారం కత్తి ఎడంచేతికి మార్చారని విన్నాం.
కిలోలు పడిపోయాయి, ఇద్దరికి వేళ్ళు తెగాయి.
శనివారానికి మళ్ళీ కుడిచేయి.
దాన్ని ఎవరమూ తీయలేదు.
లేబరాఫీసులో అర్జీ ఉంది. వాయిదా పై నెల.

నిన్న మళ్ళీ వెళ్ళాం.
ఈసారి వసారాలో కాదు, ఎండలో కూచుంది.
మైకు పెట్టబోతే లాక్కుని
ఎడంచేత్తో తనే పైటకి తగిలించుకుంది.
ఎర్ర చుక్క వెలిగింది.
నేను ప్రశ్నల కాగితం మడతలు విప్పుతున్నాను.
"ముందు నువ్వు చెప్పు," అంది,
"నీకు నెలకెంతిస్తారు?"

కాలేషా కెమెరా ఆపలేదు.
నెమ్మదిగా నా వైపు తిప్పాడు.