బెల్లం మండీ చిట్టాలో ఆదివారాలు

సంతపేట మండీలో పంతొమ్మిదేండ్లు చిట్టా రాసినాను.
పోకల ఏకాంబరం సెట్టి చెప్పేవాడు, నేను రాసేవాణ్ణి.
రౌద్రి సంవత్సరం, మాఘమాసం:
ఇరువారం బండ్లు నాలుగు. నల్లబెల్లం. తేమ ఎక్కువ, ధర తగ్గించి.
దాని కిందనే, అదే సిరాతో:
కచ్చేరి మైదానం. జమ, పద్దెనిమిది పరుగులు.
ఖర్చు, ఒక వికెట్టు. తీసుకున్నది పోలీసు దొర.

ఆట కోసం ఆయన పోలేదు.
దొరల క్లబ్బుకు చక్కెర బాకీ వసూలుకు పొయ్యి
గొడుగు పట్టుకొని ఓరగా నిలబడి ఉంటే
ఒక మనిషి తక్కువైనాడంట, చలిజరం.
తాసిల్దారు కండ్లతోనే సైగ చేసినాడు.
సెట్టి గొడుగు ముడిచి, గోచీ బిగించి
ఎండలోకి నడిచినాడు.

మూడో బంతి వచ్చి ఆయన చేతిలో పడింది.
అందరూ అరిచినారు. ఆయన మాత్రం
దాన్ని అరచేతిలో ఒకసారి ఎగరేసి
'పదమూడున్నర తులాలు' అన్నాడు.
ఏడేండ్ల వయసు నుంచి బండి మీదినుంచి విసిరే ముద్దల్ని
నేలకు తగలకుండా పట్టినవాడు మరి.
ముద్ద జారితే నాయన వీపు పగలగొట్టేవాడు.
బంతి జారితే దొరలు నవ్వుతారు, అంతే.

ఇంటికాడ వేరే.
బంతికి తోలు కదా.
ఆదివారం చీకటి పడే యాళకు
బావి దగ్గర కట్టుగుడ్డలతోనే మూడు బిందెలు.
వాళ్లమ్మ మంగతాయమ్మ గడపకు అడ్డంగా కూర్చొని లెక్కపెట్టేది.
కులపెద్దలు పదకొండు రూపాయలు తప్పు వేసినారు.
అదీ రాయించినాడు: ఆట ఖర్చు.
విరామంలో దొరలకు వరండాలో టీ,
ఈయనకు మెట్ల కింద ఇంటి చెంబులో మజ్జిగ.
పైకి రమ్మని వాళ్లు అనలేదు.
అన్నా పొయ్యేవాడు కాడు.

నేను చూసింది ఇంకొకటుంది.
తెల్లారకముందు, నీవా ఏటి ఎండిన పాయలో
బెల్లం చుట్టే ఈతచాప పరిచి
గ్రీమ్స్‌పేట గంగులు బంతి వేసేవాడు.
క్లబ్బులో కుట్టు విడిచిన బంతుల్ని మళ్లీ కుట్టేది వాడే.
కుట్టిన వేళ్లకు తెలుసు అది ఎటు తిరుగుతుందో.
లాంతరు పట్టుకొని నిలబడేవాణ్ణి నేను.
చాప మీద పడి, రెప్పపాటు ఆలోచించినట్టు ఆగి,
లోపలికి దూరేది.
సెట్టి బ్యాటు గాలిని దులిపేది.
ఒక్క పొద్దున ఆరుసార్లు.
ఇసకలో కూలబడి నవ్వేవాడు సెట్టి, పొట్ట పట్టుకొని.
మండీలో ఆ నవ్వు ఎవరూ ఎరగరు.

వేలూరు జట్టు వచ్చిన ఏడు
మళ్లీ ఒకడు తక్కువైనాడు.
'నీకు తెలిసినవాడెవడైనా ఉన్నాడా సెట్టీ?' జడ్జి దొర అడిగినాడు.
గంగులు ప్రహరీ అవతలే ఉన్నాడు,
పండ్ల మధ్య సూది, వేలికి మైనం పూసిన దారం.
సెట్టి ప్రహరీ వైపు చూసినాడు.
తమలపాకు తీసి సున్నం రాసినాడు,
ఒక ఆకుకు అంత సున్నం అక్కర్లేదు.
'ఎవరూ లేరు దొరా.'

పదిమందే ఆడినారు, ఓడినారు.
సెట్టి నలభై ఒకటి కొట్టినాడు.
ఊరంతా చప్పట్లు, క్లబ్బు మెట్లు దిగొచ్చి మరీ దొర చెయ్యి కలిపినాడు.
రాత్రి చిట్టా తెరిచి కూర్చుంటే
'సిరా ఆరిపోయినట్టుంది, రేపు చూద్దాం' అన్నాడు.
బుడ్డి నిండుగా ఉంది.
ఏటికి మళ్లీ పోలేదు.
గంగులు మూడు వారాలు వచ్చి, చాప మీద కూర్చొని పొయ్యేవాడని
చాకలోళ్లు చెప్పినారు.

బహుధాన్యలో, మంచం మీదినుంచి
బాకీలు చెప్పినాడు, ఊపిరి ఆగి ఆగి.
గుడియాత్తం కొట్టుకు ఇంత. ఈతచాపలోళ్లకు ఇంత.
'గంగులుకు' అన్నాడు.
పేరు రాసి, గీత గీసి, కలం పట్టుకొని కూర్చున్నాను.
పక్కింట్లో ఎవరో మిరపకాయలు దంచుతా ఉన్నారు.
దుప్పటి మీద ఆయన అరచెయ్యి తెరుచుకొని
కొంచెం పైకి, కొంచెం కిందికి
ఏదో తూస్తా ఉంది.
ఎంత సెట్టీ, అని నేను అడగలేదు.