మసి

ఎగ్మోర్ మ్యూజియం వెనక, రేకుల షెడ్డు.
నాలుగు నీలం టబ్బులు, డబ్బా నిండా పాత పళ్ల బ్రష్షులు,
ఒక పీట. పీట మీద నేను.
రోజుకి ఆరొందల యాభై.
పెంకులు తోమే పని.

అంట్లు తోమేదానికి గవర్నమెంటు జీతమా, అని
వ్యాసర్పాడిలో మా వీధి వీధంతా నవ్వింది.
నవ్వనీ.
పదిహేనొందల ఏళ్లుగా ఎవురూ తోమని అంట్లు ఇవి.
తిన్నోళ్లు తిన్నట్టే లేచిపోయినారు,
చెయ్యి కడుక్కున్నారో లేదో కూడా తెలీదు.

పోరూరు అవతల గొయ్యిలోంచి సంచుల్లో వస్తాయి.
చట్టి మూతి, కుండ నడుము, మూకుడు చెవి,
సముద్రం దాటొచ్చిన సారా జాడీ కాలు ఒకటి.
ముక్కు దగ్గర పెట్టుకుంటే నాకింకా పులుపు కొడతాది.
తిలకవతి మేడమ్ నవ్వుద్ది:
అది నీ టబ్బు వాసన మస్తానమ్మా.

ఆరినాక రెండు ట్రేల్లో సర్దాల.
వాటి మీద ఏందో రాసుంటాది, నాకు చదువు రాదు.
ఎడమది ఇల్లు, కుడిది దేవుడు, అంతే నా లెక్క.
తెలిసినవన్నీ ఇంట్లోకి,
అంతుపట్టనిదల్లా దేవుడికి.
చక్రం లేని బండి బొమ్మ, దేవుడికి.
ముక్కు అరిగిన ఆడమనిషి, దేవుడికి.
అడుగున బెజ్జాలున్న చట్టిని కూడా అటే పెట్టబోతే
ఆవిరి కుడుములకు మేడమ్, అన్నా.
ఆ పూట దేవుడి దగ్గర్నించి ఒకటి ఇంటికొచ్చింది.

మొన్న శుక్రవారం.
సంచి నలభై ఒకటి. అరచేతంత చిప్ప,
లోపలంతా నలుపు.
నలుపు కనిపిస్తే నా చెయ్యి ఆగదు,
చిన్నప్పట్నించి ఉండే రోగం.
బ్రష్షు సగం దాకా పోయినాక
ఆగింది.

పొయ్యి మీద కుండకి మసి బయట పడతాది.
దీనికి లోపల పట్టింది.
అంటే బోర్లించినారు, కింద ఆముదం దీపం పెట్టి,
రాత్రంతా.
మిగిలిన సగంలో, నలుపు మధ్యన
ఒక గీత.
చూపుడు వేలు వెడల్పు.
పైనించి కిందికి ఒక్కసారి తీసి
మళ్లీ తియ్యలేదు.

మేడమ్ అప్పటికే పుస్తకంలో ఏదో పూజ అని రాస్తా ఉండాది.
కాటుక మేడమ్, అన్నా.
కళ్లకయితే రెండు సార్లు తీస్తారు.
ఇది ఒక్క వేలే.
బిడ్డ బుగ్గ మీదికి, దిష్టి చుక్క.

ఆమె పెన్ను మూసేసింది.
మిగతా సగం? అనింది.
టబ్బు చూపించినా.
బూడిద రంగు నీళ్లు.
వాటిలో ఇంకో గీత ఉండిందేమో,
రెండోనాడు తీసింది.
ఉండలేదేమో,
రెండోనాటికి బిడ్డ
ఆ మాట నేననలేదు. మేడమూ అనలేదు.
పట్టాల మీద బీచ్ బండి పోయిందాకా
ఇద్దరం టబ్బులోకే చూస్తా కూచున్నాం.

తర్వాత ఆ నీళ్లు పారబొయ్యనియ్యలేదు.
సీసాలో పట్టి, మూత బిగించి, చీటీ కట్టింది.

సరే, ఏ ట్రే? అని అడిగింది.

మా అమ్మకి నాకు ముందు ముగ్గురు పోయినారు.
కసుమూరు దర్గాలో మొక్కుకుంటే నేను నిలిచినా,
అందుకే ఈ పేరు.
ఏటా గంగమ్మకి పొంగలి పెడతా.
పెద్దోడికి జొరం తగ్గకపోతే
బీసెంట్ నగర్ మాత దగ్గర కొవ్వొత్తి.
మాకు పాచి పని కూడా ఉంది, పూజ కూడా ఉంది,
రెండిటికీ చెయ్యి ఒకటే.
నన్ను ఏ ట్రేలో పెడతారు మేడమ్,
అని అడగాలనిపించింది. అడగలా.
గీతకి తగలకుండా నా వేలు పైన పట్టి చూసినా.
నా వేలు లావు.
పదహారేళ్ల పిల్ల వేలు అది.

చిప్ప ఇంకా కిటికీ గట్టు మీదే ఉండాది,
ఎడమకీ పోలేదు, కుడికీ పోలేదు.
పక్కన ఎర్ర అక్షరాలతో చీటీ అంటించినారు.
కడగొద్దని అంట.
నేను చదవలేను.
అయినా కడగను.