రెండోసారికీ మూడోసారికీ మధ్య

సిరిపురంలో ఏడో అంతస్తు.
ఈ కుర్చీలో నాకిది ఆఖరి రోజు.
కిటికీలో, ఔటర్ హార్బరు బయట,
లోపలికి పిలుపు రాని ఓడలు నాలుగు.
ఒకదానికి ఒళ్లంతా తుప్పు.
ఊరికే నిలబడినందుక్కూడా అద్దె కట్టాలి వాటికి.
ఆ లెక్క నాకు తెలుసు.

కేకు మీద ‘రత్న మేడమ్’ అని రాయించారు.
ముప్పై ఏళ్లుగా విజిటింగ్ కార్డు మీదా అంతే: ఎన్. రత్న.
ఆ పొట్టి అక్షరం వెనక, చుక్క చాటున
తలొంచుకుని కూర్చుంది మా నూకాలమ్మ.

మార్కెట్ అంటే ఏమిటో పన్నెండో ఏట తెలిసింది,
ఫిషింగ్ హార్బర్లో, తెల్లారగట్ల నాలుగున్నరకి,
ఐసునీళ్లలో కాళ్లు తిమ్మిరెక్కుతుంటే.
మా అమ్మ సూరాడ పోలమ్మ పాట పాడేది,
రాగం లేని పాట.
వంజరం తట్ట ముందు నిలబడి
ఒకటోసారి, అనేది గట్టిగా.
రెండోసారి, ఇంకా గట్టిగా.
తర్వాత ఆగేది.
ఆ ఆగడంలో కొనేవాడి గొంతు తడారిపోయేది,
పక్కవాడి చెయ్యి లేచేది.
“ఓలమ్మీ, నోరు తెరవడం ఎవులైనా తెరుత్తారు.
మూసుకోడం నేర్సుకో.
కానీ ఎండెక్కనీకు.
ఎండెక్కితే సేపకి రేటుండదు, కంపే.”

ఏవీఎన్ కాలేజీలో బీకాం.
డాబాగార్డెన్స్‌లో మెట్ల కింద గది,
షేర్ల ఫారాలు నింపే పని, ఫారానికి అర్ధరూపాయి.
తర్వాత బొంబాయి, పదకొండేళ్లు.
లోకల్ రైల్లో బాలెన్స్ షీట్లు చదువుతూ
పక్కన ఎవరైనా కూర్చుంటే
ఉప్పుచేప వాసనొస్తుందేమోనని ముడుచుకుంటూ.
అప్పటికది నా ముక్కులో తప్ప ఎక్కడా లేదు.

నడిపిస్తే ఇక్కణ్ణించే నడిపిస్తానని మొండికేసి
తిరిగొచ్చాను.
రెండు వేల కోట్లు, నా సంతకం కింద.
“అంకెలు నాకొద్దు, తట్టల్లో సెప్పు” అంది అమ్మ.
కాలిక్యులేటర్ తీసి, వంజరం రేటు అడిగి,
లెక్క కట్టి చెప్పాను.
కాసేపు చూసింది.
“అంత సముద్రం నేదే” అంది.

రెండువేల ఎనిమిది, అక్టోబరు.
గొంప సింహాద్రప్పడు, స్టీల్ ప్లాంటు క్రేన్ ఆపరేటర్,
రిటైరై రెండేళ్లు.
రోజూ పదింటికి గాజువాక బస్సు దిగి
రిసెప్షన్లో కూర్చునేవాడు. ఏమీ అడగడు.
గోడ మీద అంకెలు ఎర్రగా కారుతుంటే చూసి
ఒంటిగంటకి కారియర్ విప్పి తిని
మూత బిగించుకుని వెళ్లిపోయేవాడు.
తొమ్మిదో రోజు నేనే బయటికొచ్చాను.
అమ్మేద్దామా అమ్మా, అన్నాడు.
ఆగండి, అన్నాను.
అమ్మేద్దామా?
ఆగండి.
మూడోసారి అడగలేదు.
జేబులోంచి కేజీహెచ్ చీటీ తీసి బల్ల మీద పెట్టాడు.
భార్య పేరు, కిడ్నీ, తారీఖు.
అమ్మేశాం. యూనిట్ తొమ్మిది రూపాయల నలభై పైసలు.
సంతకం నాది.

పద్నాలుగు నెలలకి అదే యూనిట్ పంతొమ్మిది.
ఆ ఏడాది నాకు అవార్డిచ్చి
ఓపిక మీద నాలుగు మాటలు చెప్పమన్నారు.
చెప్పాను. లేచి నిలబడి చప్పట్లు కొట్టారు.
నేనన్నది తప్పు కాదు.
ఆయన చేసింది తప్పు కాదు.
ఈ రెండు వాక్యాల కింద గీత గీసి
మొత్తం వేద్దామని పదిహేనేళ్లుగా చూస్తున్నాను.

“మేడమ్, ఆఫీస్ ఫోను ఇచ్చేయాలి కదా,”
ఐటీ కుర్రాడు తలుపు దగ్గర,
“పిన్ నంబరు చెప్తారా?”

ఆయన ఫోలియోలో చివరి నాలుగంకెలు.

“మేడమ్?” అన్నాడు రెండోసారి.

కిటికీలో ఓడలు మూడే ఉన్నాయి.
ఏది వెళ్లిందో చూడలేదు.
డాల్ఫిన్స్ నోస్ మీంచి ఎండ
బల్ల దాకా వచ్చింది.

చెప్పాను.