గోడ మీద ఎర్మెలిందా

ముందు నలుపు కొట్టాలి.
నలుపు లేనిదే ఆకుపచ్చ అరవదు.
తర్వాత గులాబీ, నారింజ, నిమ్మపండు పసుపు,
చీకట్లో లారీ దీపం పడగానే
కళ్లలో కారం కొట్టేటట్టు.

లీమాకి తూర్పున సెంట్రల్ రోడ్డు పొడుగునా
ఎనభైల్లో ప్రతి గోడా నాదే.
కాగితాల మీద ఎవరిదైతేనేం,
రాత్రి రెండింటికి గోడ
నిచ్చెన ఉన్నవాడిది.
నేనూ, నిచ్చెన పట్టుకునే తియోఫానెసూ,
వాడి తుమ్ములూ.

కొండల మీంచి దిగొచ్చినవాళ్లం.
వస్తూ వస్తూ అయిదు స్వరాలు మూటగట్టుకొచ్చాం.
మా తాతలు వాటిని హార్ప్ మీద మీటేవాళ్లు,
పెళ్లికీ అవే, చావుకీ అవే.
ఇక్కడ కుర్రాళ్లు వాటికి కరెంటు పెట్టారు,
తీరంవాళ్ల కుంబియా దరువు కింద పరిచారు.
గిటారు నీళ్లలో మునిగి ఏడ్చినట్టు మోగేది.
పెద్దిళ్లవాళ్లు దాన్ని చిచా అన్నారు.
చిచా అంటే మొక్కజొన్న కల్లు.
తిట్టుగానే అన్నారు.
మేం లొట్టలేసుకుని తాగాం.

సెనోబియా
మిరాఫ్లోరెస్‌లో సముద్రం కనబడే ఇంట్లో
ఆరు రోజులు "ఏయ్ పిల్లా".
ఏడో రోజు, మధ్యాహ్నం రెండు నుంచి రాత్రి తొమ్మిదిదాకా
సెనోబియా.
బ్లీచింగు వాసన వదలని చేతుల్ని గాల్లోకెత్తి
ఆ ఖాళీ జాగాలో మోకాలెత్తు దుమ్ము లేచేలా ఆడేది.
పది మందికి ఒక సీసా, ఒకే గ్లాసు.
తాగినవాడు అడుగున నురగ నేలకి విదిలించి
పక్కవాడికి అందించాలి.
అలా నేల కూడా కాస్త తూలేది.

ఎర్మెలిందా ఔకి.
ఆ పేరు రాసినన్నిసార్లు
నా పిల్లల పేర్లు పిలిచి ఉండను.
మా రాతలో ఆ పేరుకి మొదటి అక్షరం పలకదు.
పలకని ఆ అక్షరమే నా అంత ఎత్తు రాసేవాణ్ణి.
గొంతు మాత్రం ఎప్పుడూ వినలేదు.
పాత బాకీ కోసం గేటు దగ్గర నిలబడితే
వినబడేవి స్పీకర్లు.

ఒక ఆగస్టు ఆదివారం, పొగమంచు,
కొండల్లో ఎవరో కరెంటు స్తంభం పేల్చారు.
ఊరంతా ఒక్క రెప్పలో పోయింది.
గిటారు సగం మాటలో ఆగింది.
డ్రమ్ము వాయించేవాడికి కరెంటుతో పనేముంది,
కాసేపు కొట్టి,
తన చప్పుడుకి తనే జడిసి మానేశాడు.
ఎవరూ కదల్లేదు.
బయట రోడ్డు మీద సైనికుల జీపు ఉంటుంది, లేకపోవచ్చు కూడా.

అప్పుడు పాడింది.
కెచువాలో.
చిన్న గొంతు. కొంచెం జలుబు చేసినట్టుంది.
సందెవేళ గొర్రెల్ని మళ్లించే పిల్ల
తనకి భయం వెయ్యకుండా పాడుకుంటుందే, అలాంటిది.
పది వరసలు దాటి రాలేదు.
వెనకవాళ్లు ముందువాళ్లని అడిగారు, ఏమంటోందట?
పాట నోళ్ల మీదుగా చేతులు మారుతూ వచ్చింది,
ఆ ఒకే గ్లాసులా.
గేటు దాకా వచ్చేసరికి సెనోబియా అంది,
"ఏదో ఏరు దాటడం గురించి."
"కాదు, మంచుకి చచ్చిన బంగాళాదుంపల గురించి,"
అన్నాడు ఇంకెవరో.
నాకు చేరింది నురగే.
విదిలించలేదు.

ఆ వారం విటార్తె దగ్గర పొడుగాటి గోడ.
నలుపు కొట్టాం. ఆరింది.
పేరు రాశాను.
పొద్దున్నే దొన్ ప్రిమితీవో వచ్చాడు,
బాండు ఆయనది, బస్సు ఆయనది, అప్పులూ ఆయనవే.
చాలాసేపు చూశాడు.
"ఏమయ్యా, అక్షరాలు ముడుచుకుపోయాయేం?
బస్సులో వాడికి ఎలా కనబడుతుంది?"

"రంగు అయిపోయింది," అన్నాను.

డబ్బాలో సగం పైనే ఉంది, గులాబీ.
తియోఫానెస్ మూత బిగించి
దాని మీద కూర్చున్నాడు.