ఇంటిపేరు చివర

టోకెను నలభై ఏడు.
క్లైపెద పురపాలక కార్యాలయం, మూడో కౌంటరు.
అద్దం వెనకాల పిల్లకి మా అగ్నె వయసుంటుంది,
గోళ్ళకి లేతాకుపచ్చ రంగు.
"విడాకుల కాగితం చూశానండీ, అంతా సరిగ్గానే ఉంది.
ఇంటిపేరు ఉంచుకుంటారా, మార్చుకుంటారా?"
సంచీ కావాలా వద్దా అని
కొట్లో అడిగినట్టే అడిగింది.

మా భాషలో ఆడదాని ఇంటిపేరుకి తోక ఉంటుంది.
తోక చూసి చెప్పెయ్యొచ్చు,
ఎవరి కూతురో, ఎవరి పెళ్ళామో.
మగాడి పేరు ఉయ్యాల్లో ఎట్లా ఉందో
పాడె మీదా అట్లాగే.

మా నాన్న జ్విర్బ్లిస్, అంటే పిచ్చుక.
ఇరవై అయిదేళ్ళ దాకా నేను జ్విర్బ్లితెని, పిచ్చుక కూతుర్ని.
తర్వాత విల్కస్ వచ్చాడు. తోడేలు.
నిజానికి, పాపం, తోడేలేం కాదు,
ఆదివారాలు బంగాళాదుంపలు చెక్కు తీసిపెట్టేవాడు,
గురక కూడా మెత్తగా పెట్టేవాడు.
పేరు మాత్రం తోడేలు.
నేను విల్కియెనె, తోడేలు పెళ్ళాం,
ఇరవై ఆరేళ్ళు.

పోర్టులో నేను ధాన్యం తూచే చోట
క్రేను మీంచి అరిచేవాళ్ళకి విల్కియెనె.
జీతం చీటీ మీద విల్కియెనె.
ఇంట్లో "అమ్మా", "ఇదిగో", "వింటున్నావా".
ఔద్రొనె అని నోరారా పిలిచింది మా అమ్మొక్కతే.
ఆవిడ పోయి ఆరేళ్ళు.
ఇప్పుడా పేరు పళ్ళ డాక్టరు పిలుస్తాడు,
ఏడాదికి రెండుసార్లు,
నోరు తెరవమనడానికి.

ఇల్లు ఆయన వాటాకి పోయింది.
ఇంటిపేరు నా దగ్గర ఉండిపోయింది,
తాళం మార్చేసిన తలుపుకి
పాత తాళంచెవి మోస్తున్నట్టు.

పోనీ వెనక్కి వెళ్ళిపోదామంటే
యాభై ఒకటో ఏట పిచ్చుక కూతురేమిటి?
పిచ్చుకే లేదు.
బళ్ళో తొడిగిన గౌను
భుజాల దగ్గరే పిగిలిపోతుంది.

నా తటపటాయింపు చూసి ఆ పిల్ల గొంతు తగ్గించింది.
"మూడోది ఒకటుందండీ. చివర ఒక్క అక్షరమే.
పెళ్ళయిందో లేదో ఎవరికీ తెలీదు. నాదీ అదే."
ఆమెకది తెరిచిన కిటికీ.
నాకెందుకో
ఇన్నేళ్ళ చాకిరీ లెక్కలోంచి
ఒక్క గీతతో కొట్టేసినట్టనిపించింది.
ఆ మాట పైకి అనలేదు.
అంటే ఆ పిల్లకేం అర్థమవుతుంది?
నాకే సరిగ్గా అర్థం కాలేదు.

పెన్ను తీసుకున్నాను.
చెయ్యి నన్నడక్కుండానే
వి దగ్గర వంకర తిరిగింది.
కొట్టేసి మళ్ళీ రాశాను. మళ్ళీ తోడేలే.
మూడో ఫారం ఇస్తూ ఆమె నవ్వలేదు,
అందుకు రుణపడి ఉంటాను.
"తొందరేం లేదు, ఇంటికి తీసుకెళ్ళి నింపుకు రండి."
ఇంటికట.

స్మిల్తినె వెళ్ళే లాంచీ ఎక్కాను, అక్కడ పనేం లేకపోయినా.
చిన్నప్పుడు ఈ రేవులోనే
రెండు వేళ్ళు నోట్లో పెట్టి ఈల వేస్తే
అవతలి గట్టున నాన్న వల వదిలి తలెత్తేవాడు.
"ఆడపిల్ల ఈల వేస్తే గాలివాన లేస్తుందే" అనేది నాయనమ్మ.
"దాని పేరే గాలివాన కదా" అనేవాడు నాన్న.

అటూ ఇటూ చూసి వేళ్ళు పెట్టాను.
పై వరసలో రెండు పళ్ళు కట్టుడువి.
ఉత్త గాలి. గడ్డం మీదికి ఉమ్ము.
పక్కనున్న సైకిలాయన
మర్యాదగా నీళ్ళవైపు తిరిగాడు.
మళ్ళీ వేశాను. గాలే.
వేళ్ళు ఉప్పగా, సిరా వాసనేస్తూ.

గట్టు దగ్గరపడుతుండగా
ఎక్కడో పంటి సందులోంచి
గోధుమ గింజంత చప్పుడు,
నా త్రాసుకి తెలిసేంత బరువైనా లేదు.
రేవు మీద ఎవరిదో ముసలి కుక్క,
తడిసిన చెవులు దులుపుకుంటున్నదల్లా ఆగి,
ఎవరా అని
ఇటే చూసింది.