ముందు నదికి తెలుస్తుంది

ఆటకి టికెట్లు ఆగస్టులోనే అయిపోయాయి.
టర్నర్స్ ఫెర్రీలో దొరకనివాళ్ళందరూ
నేను పనిచేసే పెట్రోలు బంకులో చేరారు,
డోనట్ల అద్దాలపెట్టెకీ లాటరీ చీటీల చుట్టకీ మధ్య.

ఇరవై తొమ్మిదేళ్ళ తర్వాత ఆడుతున్నారు.
ఎందుకు మానేశారంటే ఒక్కొక్కరిది ఒక్కో కారణం:
లీగు మారింది, డబ్బు చాలలేదు,
వంతెన మీద ఎవరి బస్సు అద్దాలో పగిలాయి.
ఎల్మర్ స్టకీ కారణం చెప్పడు. స్కోరు చెబుతాడు.
పదిహేడు, పదిహేడు.
అప్పట్లో సమానమైతే సమానమే.
జెండా చుట్టుకుని ఇంటికి పోవడమే.

పందెం అలాగే ఉండిపోయింది.
ఓడినవాడు తన ఇంటిముందు ఉత్తరాల డబ్బాకి
గెలిచినవాడి రంగు పూయాలి.
ఆ ఒడ్డు రూడీ హావ్లిక్ ఇవాళ వంతెన దాటి వచ్చాడు,
చంకలో నీలం రంగు డబ్బా.
ఎల్మర్ ఎర్రరంగు పొద్దుటే నా కౌంటరు ఎక్కింది.
పాతవి ఎండి రాళ్ళయిపోయాయట, రెండిళ్ళలోనూ.

"వకూలా, బంతిని చూడకు" అంటాడు ఎల్మర్.
నా పేరుకి అతని నోట్లో ఎప్పుడూ ఒక దీర్ఘం ఎక్కువ.
"బంతి అబద్ధాలాడుతుంది.
ముందు వరస లావుపాటివాళ్ళ పాదాలు చూడు.
వెనక్కి పడ్డాయా, విసురుతారు.
ముందుకి తోశాయా, మోసుకుపోతారు."
నాలుగు కూతలు, పది గజాలు
అని నాలో నేను మార్చుకున్నాను.
చెడుగుడులో గీత తాకి వచ్చినదాన్నే.
గజాలే, బట్టల కొట్లో తప్ప చూడలేదు.
అక్కడ ఒక్క గజం కోసం
పదకొండుమంది మీద పడి తొక్కరు,
ఆషాఢం తగ్గింపులప్పుడు తప్ప.

గోడ టీవీకి ఆ ఛానెల్ రాదు.
మేనేజరు కొడుకు పాస్‌వర్డుతో ఫోను తగిలించాం.
బొమ్మ నిండుగా ఉంది, నలభై సెకన్లు ఆలస్యం.
ఎల్మర్ రేడియోకి కోటు హ్యాంగరు ఏరియల్.
గరగర జాస్తి, అయినా ఐదు సెకన్లే వెనక.
తలుపు తీస్తే ఒహాయో నది.
స్టేడియం అవతలి గట్టునే.
కేక నీళ్ళ మీద నడిచి అన్నిటికంటే ముందు వస్తుంది.
ఏమైందో చెప్పదు.
ఏదో అయిందని చెబుతుంది.

ఒకే పరుగు మాకు మూడుసార్లు జరుగుతోంది.
రేడియోలో బంతి జారిపోయాక కూడా
టీవీలో ఎర్రచొక్కా కుర్రవాడు
దాన్ని చంటిపిల్లలా రొమ్ముకి అదుముకునే ఉన్నాడు.
వాడికింకా తెలీదు.
డీజిలు డబ్బులు కట్టడానికొచ్చిన లారీ డ్రైవరు
"పరుగెత్తరా, పరుగెత్తు" అంటున్నాడు బొమ్మతో.
ఎల్మర్ నోరు విప్పలేదు.
రూడీ కూడా. తనవాళ్ళకి దొరికిన బంతే అయినా
టోపీ సర్దుకుని పాల సీసాల వైపు చూశాడు.
ముందే తెలిసినవాడి మర్యాద ఇలా ఉంటుందని
నాకెవరూ చెప్పలేదు.

ఒక చెంప ఎరుపు, ఒక చెంప నీలం వేసుకున్న పిల్ల
ఐసు సంచి కొని చిల్లర మరిచిపోయింది.
డాలరూ ముప్పై. ఇంకా ఇక్కడే ఉంది.

ఆఖరికి ఇరవై, ఇరవై.
మూడు సెకన్లున్నాయి, తన్నాల్సిన కుర్రవాడు
బూటు మడమ గడ్డికి రుద్దుకుంటున్నాడని చెప్పి
రేడియో చచ్చిపోయింది.
బ్యాటరీలు నా వెనక కొక్కేనికే వేలాడుతున్నాయి.
అట్ట పళ్ళతో చింపుతున్నాను,
అప్పుడొచ్చింది.

పెద్ద కేక.
ఏ చొక్కాదో తెలియనంత పెద్దది.
టీవీలో ఇంకా ఎవరో ట్రక్కులు అమ్ముతున్నారు.

రూడీ తలుపు వైపు చూశాడు. ఎల్మర్ రూడీ వైపు.
నదికి ఈపక్కనో ఆపక్కనో
ఒక డబ్బా రంగు అప్పటికే మారిపోయింది.
ఇరవై తొమ్మిదేళ్ళు దాచుకున్నవాళ్ళకి
ఈ నలభై సెకన్లూ ఖర్చుపెట్టబుద్ధి కాలేదు కాబోలు,
"ఉండనీ, వకూలా" అన్నాడు ఎల్మర్,
నా గుప్పిట్లో బ్యాటరీలు చూసి.

రూడీ కోటు జేబులోంచి కుంచె తీసి
రెండు రంగుల మధ్య పెట్టాడు.
ఒక్కటే తెచ్చాడు.