నాలుగో మూల

దత్తాద్రి కారు ఎడమకు ఒరిగి వచ్చింది,
వెనక చక్రం మీద ఒళ్ళంత వేసి.
నల్లది. పెద్దది. పెండ్లిళ్ళకు కిరాయికి పోయేది.
"మొన్న బోరబండల పెండ్లికొడుకు
దర్వాజ తియ్యంగనే జారి పెండ్లిపిల్ల మీద వడ్డడు.
బరాతంత నవ్వింది.
కిరాయిల ఐదొందలు కోసిండ్రు"
అన్నడు, తను నవ్వకుంట.

ముషీరాబాద్‌ల ఒకడు గాలి బెల్లో మార్చిండట.
రాణిగంజ్‌ల ఇంకొకడు కంప్రెసర్ మార్చిండట.
రెండు బిల్లులు మడతవెట్టి జేబుల దాసుకున్నడు,
చచ్చినోళ్ళ ఫోటోలు చూపెట్టినట్టు చూపెట్టిండు.

కింద పండుకొని సబ్బునీళ్ళు కొట్టిన.
ఒక్క బుడగ లేవలే.
గాలి యాడికీ పోతలేదు,
ఎవరో పొమ్మంటేనే పోతున్నది.

స్కానర్ తగిలిస్తే మూడు మూలలు మాట్లాడినయి.
నాలుగోది ఒక్క అంకె వట్టుకొని కూసున్నది.
డిక్కీల ముగ్గురు పోరగాండ్లను కూసోవెట్టిన, అదే అంకె.
దింపిన, అదే.
పిట్టంత నర్సిమ్ములు ఎగిరి దుంకిండు,
అదే.
పొట్ట నేలకు రాసుకుంటనే అది
"ఎత్తుకున్న, ఎత్తుకున్న, ఇంకింత గాలి తియ్యి" అంటున్నది.
పైన కంప్యూటర్, పాపం, నమ్మింది.

అగ్గిపెట్టెంత డబ్బ, దానికి ఒక చెయ్యి,
చెయ్యికి ఒక పుల్ల, పుల్ల కొసకు గోలీ.
పుల్ల ఊడవీకి చేత్తోని ఆడించిన,
మీటర్ల ముల్లు రెప్ప కొట్టలే.
ప్లగ్గు ఇప్పితే లోపట పచ్చగ చిలుము,
పోయిన ఆషాఢంల టోలిచౌకి నీళ్ళు
ఇంక అండ్లనే ఉన్నయి.

పుత్లీబౌలిల ఖైసర్ ఆపా దుకాణం.
ముక్కు మీదికి అద్దాలు గుంజి నంబర్ చదివి
"ఎడమదా కుడిదా, సరింగ చెప్పు బేటీ.
ఎడమకు కుడిది వెడితే
లెవ్వమన్నప్పుడల్ల కూసుంటది" అన్నది.
తన దినాలల్ల అసొంటోళ్ళు శానమంది అని కూడ అన్నది.

పది నంబర్ పాన, రెండు బోల్టులు.
ఒకటి వచ్చింది. ఒకటి రాత్రంత నూనె తాగి
తెల్లారినంక వచ్చింది.

ఇగ అయిపోయిందనుకున్న.
స్కానర్ అడిగింది: బండి చదును నేల మీద ఉన్నదా?
ఉన్నదని ఒత్తబోయి ఆగిన.
చెంబెడు నీళ్ళు షెడ్డుల ఒంపిన.
నీళ్ళు ఒక్క నిమిషం కూడ ఆలోచించలే,
నాచారం మోరి దిక్కు నడిసినయి.

పదకొండేండ్లు.
గీ నేల మీద నిలవెట్టి
ఎన్ని బండ్లకు ఒరిగినవని చెప్పిన్నో.

పక్క సందుల మేస్త్రి ఎల్లేశం రసమట్టం తెచ్చిండు.
గల్లీల వెట్టిండు, బుడగ ఒక దిక్కు ఉరికింది.
పెట్రోల్ బంకుల వెట్టిండు, ఇంకో దిక్కు ఉరికింది.
"గుండ్ల మీద కట్టిన పట్నం అక్కా,
యాడ దొరుకుతది చదును?"
ఆఖరుకు రాత్రి పన్నెండుకు
ఒక ఫంక్షన్ హాల్ వాచ్‌మన్‌కు చాయ తాపి,
మల్లెపూలు, ఇస్తరాకులు ఊడ్సి,
నాపరాళ్ళ మీద వెట్టిండు.
బుడగ నడుమకొచ్చి నిలవడ్డది.
ఎవ్వరం మాట్లాడలే.

చక్రం నడుమ నుంచి అంచు దాక టేపు వట్టి
నాలుగు మూలలు కొలిసిన, నాలుగు అంకెలు కొట్టిన.
కారు ఒక్కసారి బుస్సుమన్నది,
వెనకభాగం ముందుగాల లేసింది, ఒంటె లెక్క.

పైసలిస్తే ఎల్లేశం తీసుకోలే.
షెడ్డు దాక పెండ్లికొడుకు సీట్ల కూసొని వచ్చిండు,
ఒళ్ళె రసమట్టం వెట్టుకొని,
మలుపు మలుపుకు బుడగ జూసుకుంట.

తెల్లారి షెడ్డు నేల మీద సుద్దతోని రాసిన:
ఈడ రెండేళ్ళు కింద, ఆడ ఏలున్నర మీద.
నర్సిమ్ములు చీపిరి వట్టుకొని అడ్గుతడు,
ఇది తుడవాల్నా, అక్కా?